ఇంట్లో ఉప్పు ఎంత తింటున్నామో లెక్క కట్టి, తగ్గించడం ఎలా?

రెండేళ్ళ కిందట ఊళ్ళో ఆరోగ్య శిబిరం పెడితే మా నాయనకు బీపీ 168/100 వచ్చింది. తర్వాత చూపించుకున్న డాక్టరు మాత్ర రాసి, "ఉప్పు తగ్గించండి" అని ఒక్క మాట చెప్పి తర్వాతి టోకెన్ పిలిచారు. ఎంత నుంచి ఎంతకు తగ్గించాలో ఆయన చెప్పలేదు, మేమూ అడగలేదు. అమ్మ ఆ రాత్రే పప్పులో ఉప్పు సగం చేసింది. నాయన ఒక ముద్ద తిని, "ఏందే ఇది, చప్పిడి కూడు" అంటూ లేచి వెళ్ళి ఉప్పు డబ్బా తెచ్చుకుని కంచం పక్కన పెట్టుకున్నాడు. ఆ నెలలో మా ఇంట్లో ఉప్పు మామూలు కంటే ఎక్కువే ఖర్చయి ఉంటుంది.

ఉప్పుతో చిక్కు ఇదే. నాలుకను అడిగితే అది ఎప్పుడూ "సరిపోయింది" అనో "చాల్లేదు" అనో అంటుంది గానీ, గ్రాములు చెప్పదు. అందుకని మేము నాలుకను పక్కన పెట్టి ప్యాకెట్‌ను అడగడం మొదలుపెట్టాం. ఆ పద్ధతే ఇక్కడ రాస్తున్నాను.

ముందు ఎందుకో రెండు మాటలు. ఉప్పులోని సోడియం ఒంట్లో నీటిని పట్టి ఉంచుతుంది. రక్తం పరిమాణం పెరిగి, రక్తనాళాల గోడల మీద ఒత్తిడి ఎక్కువవుతుంది. ఏళ్ళ తరబడి అలా సాగితే దెబ్బ గుండెకు, మెదడుకు, కిడ్నీలకు తగులుతుంది. పెద్దవాళ్ళు రోజుకు 5 గ్రాముల లోపే ఉప్పు తినాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంటుంది. ప్రపంచ సగటు మాత్రం 11 గ్రాములకు దగ్గర్లో ఉంది. ఎక్కువ సోడియం వల్ల ఏటా దాదాపు 19 లక్షల మంది చనిపోతున్నారని ఆ సంస్థ అంచనా. 2025 నాటికి సోడియం వాడకాన్ని 30 శాతం తగ్గిస్తామని 2013లో దేశాలన్నీ ఒప్పుకున్నాయి. 2023లో లెక్క చూసుకుంటే చాలా దేశాలు ఆ దారిలోనే లేవు. పాశ్చాత్య దేశాల్లో ఉప్పు ఎక్కువగా బ్రెడ్డులో, చీజులో, ప్యాకెట్ తిండిలో కనపడకుండా వస్తుంది. మనకు ఎక్కువ భాగం మన వంటింట్లో మన చేత్తో వేసుకునేదే. కాబట్టి ఈ పని ఏ ప్రభుత్వం కోసమూ ఆగక్కర్లేదు.

మొదట బీపీ సరిగ్గా చూసుకోండి

బజారు నుంచి వచ్చీ రాగానే చూస్తే వచ్చే అంకెను నమ్మకండి. టీ, కాఫీ, బీడీ, సిగరెట్ ఏదైనా సరే, తర్వాత అరగంట ఆగాలి. మూత్రానికి వెళ్ళి రావాలి. వీపు ఆనించి కుర్చీలో కూర్చుని, పాదాలు నేలకు ఆనించి, కాలు మీద కాలు వేయకుండా ఐదు నిమిషాలు ఊరకే ఉండాలి. చెయ్యి బల్ల మీద గుండె ఎత్తులో పెట్టాలి. చెయ్యి కిందికి వేలాడితే అంకె ఎక్కువ చూపిస్తుంది. పట్టీ చొక్కా మీద కాకుండా చర్మం మీదే చుట్టాలి. చూసేటప్పుడు మాటలు వద్దు. మా నాయనకు అన్నిటికంటే కష్టమైంది ఈ చివరిదే.

మిషన్ కొనేట్టయితే మణికట్టుకు పెట్టేది కాకుండా దండచేతికి చుట్టేది తీసుకోండి. పట్టీ మీద ఎంత చుట్టుకొలతకు సరిపోతుందో రాసి ఉంటుంది, మామూలుగా 22 నుంచి 32 సెంటీమీటర్లు. లావు చేతికి చిన్న పట్టీ చుడితే లేని బీపీ కూడా కనిపిస్తుంది. కొనలేకపోతే ఊళ్ళో ఏఎన్ఎమ్ దగ్గరో, పీహెచ్‌సీలోనో చూపించుకోవచ్చు.

వారం రోజులు పొద్దున రెండుసార్లు, సాయంత్రం రెండుసార్లు, నిమిషం ఎడంతో చూసి రాసుకోండి. మొదటి రోజు అంకెలు వదిలేసి మిగతావాటికి సగటు కట్టండి. ఇంట్లో చూసుకున్న సగటు 135/85 గానీ అంతకు మించి గానీ ఉంటే డాక్టరు దగ్గరికి ఆ కాగితం తీసుకెళ్ళండి. ఆసుపత్రిలో చూసినప్పుడైతే ఆ హద్దు 140/90. ఎప్పుడైనా 180/120 దాటి, దాంతోపాటు ఛాతీలో నొప్పో, మూతి వంకర పోవడమో, మాట తడబడటమో ఉంటే సగటులు కడుతూ కూర్చోకుండా 108కి ఫోన్ చేయండి. ఆ లక్షణాలేవీ లేకుండా మళ్ళీ మళ్ళీ అంతే వస్తుంటే ఆ రోజే డాక్టరుకు చూపించండి.

ప్యాకెట్ మీద తారీఖు వేయండి

అసలు పని ఇది. కిలో ఉప్పు ప్యాకెట్ కొత్తది విప్పిన రోజు దాని మీద పెన్నుతో తారీఖు రాయండి. అయిపోయిన రోజు కూడా రాయండి. వెయ్యిని ఇంట్లో తినేవాళ్ళ సంఖ్యతో, మళ్ళీ రోజులతో భాగించండి.

మేము నలుగురం. మా మొదటి ప్యాకెట్ 23 రోజులు వచ్చింది. 1000ని 4తో భాగిస్తే 250, దాన్ని 23తో భాగిస్తే దాదాపు 10.9 గ్రాములు. ఉండాల్సిన దానికి రెండింతలు పైనే. నలుగురున్న ఇంట్లో తలకు 5 గ్రాముల చొప్పున అయితే కిలో ప్యాకెట్ 50 రోజులు రావాలి. ఆ 50 అనే అంకె గుర్తుంటే చాలు. ఐదుగురైతే 40, ముగ్గురైతే 66.

అమ్మ ఈ లెక్క ఒప్పుకోలేదు. "చేపలు రుద్ది కడిగేది ఆ ఉప్పుతోనే కదరా, అదంతా మనం తిన్నట్టా?" అంది. ఆమె మాట నిజమే. చేపలు కడగడానికి, అంట్లకు, పుక్కిలించడానికి వాడేది కడుపులోకి పోదు. ఆ పనులకు కల్లుప్పు వేరే డబ్బాలో పెట్టాం. తర్వాతి ప్యాకెట్ 27 రోజులు వచ్చింది. అయినా తలకు 9 గ్రాముల పైనే.

ఇంట్లో రోజూ టిఫిన్ బయట నుంచి తెచ్చుకునేవాళ్ళుంటే ఈ లెక్క తక్కువ చూపిస్తుంది. నెల్లూరు కారం దోశలో పడే ఉప్పు మీ ప్యాకెట్‌లోది కాదు.

ఊరగాయ లెక్క వేరు

వేసవిలో పెట్టే జాడీకి ఉప్పు ఒకేసారి పోతుంది కాబట్టి నెల ప్యాకెట్‌లో కనపడదు. మా ఇంటి కొలత ఇది: కిలో మామిడి ముక్కలకు పావు కిలో ఉప్పు, పావు కిలో కారం, పావు కిలో ఆవపిండి, అర కిలో నూనె. మొత్తం 2250 గ్రాములు, అందులో ఉప్పు 250. అంటే పచ్చడిలో తొమ్మిదో వంతు ఉప్పే. అన్నంలో కలుపుకునే 20 గ్రాముల ఆవకాయలో 2 గ్రాములకు పైగా ఉప్పు ఉంటుంది. రోజు మొత్తానికి ఉన్న 5 గ్రాముల్లో దాదాపు సగం ఆ ఒక్క పూటలోనే పోయింది.

ఊరగాయలో ఉప్పు తగ్గించి పెట్టమని నేను చెప్పను. బూజు పడుతుంది, జాడీ పారబోయాల్సి వస్తుంది. తగ్గించాల్సింది కంచంలో. మేము రెండు పనులు చేశాం. ఊరగాయ రోజుకు ఒక్క పూటే, అదీ పెద్ద గరిటెతో కాకుండా చిన్న చెంచాతో. పచ్చడి కలుపుకునే పూట పక్కనున్న కూరలో ఉప్పు తగ్గించి వండుతాం. అప్పడాలు, ఊరమిరపకాయలు, ఎండు చేపలు, ఎండు రొయ్యలు కూడా ఈ కోవలోవే. ఎండు చేపలను వేడినీళ్ళలో నానబెట్టి, ఆ నీళ్ళు పారబోసి, మళ్ళీ ఇంకో నీళ్ళలో కడిగితే కొంత ఉప్పు పోతుంది. తర్వాత పులుసులో విడిగా ఉప్పు వేయకుండా ముందు రుచి చూడండి.

చెయ్యి వాటం మాని కొలిచి వేయండి

దగ్గు మందు సీసా మీద వచ్చే చిన్న కొలత మూత ఒకటి కడిగి ఉప్పు డబ్బాలో వేసుకోండి. 5 మి.లీ. గీత దాకా పొడి ఉప్పు పోస్తే సుమారు 6 గ్రాములు. నలుగురికి రోజు మొత్తానికి, ఊరగాయతో కలిపి, అలాంటివి మూడు మూతలకు కొంచెం పైన. పొద్దునే ఆ రోజు ఉప్పు ఒక గిన్నెలో కొలిచి పెట్టుకుంటే ఇంకా తేలిక. సాయంత్రానికి గిన్నె ఖాళీ అయితే ఆ రోజుకు ఉప్పు అంతే.

ఒక్కసారిగా సగం చేయకండి, మా అమ్మ చేసిన తప్పు అదే. పది రోజులకోసారి కొంచెం కొంచెం తగ్గిస్తూ పోతే ఎవరూ పట్టుకోలేరు. కొన్ని వారాలకు నాలుకే అలవాటు పడుతుంది. ఇప్పుడు మా నాయన చుట్టాలింట్లో భోంచేసి వచ్చి, "వాళ్ళింట్లో అన్నీ ఉప్పు కశమే" అంటున్నాడు.

పులుపు, కారం, ఘాటు ఉన్నచోట ఉప్పు లోటు అంతగా తెలియదు. ఈ విషయంలో నెల్లూరోళ్ళం అదృష్టవంతులం. చేపల పులుసులో చింతపండు, మామిడికాయ, మెంతులు, పచ్చిమిర్చి అన్నీ పడతాయి. పైగా ఆ పులుసు మర్నాటికి ఇంకా బాగుంటుంది కాబట్టి, వండేటప్పుడు ఉప్పు తక్కువ వేసి, మర్నాడు తినేటప్పుడు చాలదనిపిస్తేనే చిటికెడు వేయండి. చాలాసార్లు అవసరం రాదు. పొదలకూరు నిమ్మకాయలు దొరికే జిల్లాలో ఉండి పప్పు మీద నాలుగు చుక్కల నిమ్మరసం పిండుకోకపోతే ఎట్లా? వేపుళ్ళకు ఉప్పు మొదట్లో కాకుండా దించే ముందు చల్లితే తక్కువతోనే నాలుకకు తెలుస్తుంది. అన్నం వండే నీళ్ళలో, చపాతీ పిండిలో, మజ్జిగలో వేసే ఉప్పు మానేసినా పెద్ద తేడా రాదు. మజ్జిగలో అల్లం, కరివేపాకు, నిమ్మాకు నలిపి వేయండి.

కల్లుప్పు, పింక్ సాల్ట్, తక్కువ సోడియం ఉప్పు

మా ఊరు అల్లూరు దగ్గర. ఇసకపల్లి ఉప్పు మడులు చూస్తూ పెరిగినవాళ్ళం. 1930 ఉప్పు సత్యాగ్రహంలో టంగుటూరి ప్రకాశం గారు నిలిచిన దేవరంపాడు ఒంగోలుకు దగ్గరే. ఈ తీరంలో ఉప్పును తక్కువ చేసి మాట్లాడితే ఎవరికీ నచ్చదు. అయినా చెప్పాలి: గ్రాముకు గ్రాము కల్లుప్పులోనూ, సైంధవ లవణంలోనూ, పింక్ సాల్ట్‌లోనూ సోడియం దాదాపు మామూలు ఉప్పులో ఉన్నంతే ఉంటుంది. "ఇది బీపీకి మంచిది" అని మూడింతల ధర పెట్టి కొనాల్సిన పని లేదు. పైగా మడిలో నుంచి నేరుగా వచ్చిన కల్లుప్పులో అయోడిన్ కలపరు. తినేదాన్ని అయోడిన్ కలిపిన ప్యాకెట్‌గానే కొనుక్కోండి.

సోడియం తగ్గించి పొటాషియం క్లోరైడ్ కలిపిన ఉప్పు వేరే రకం. అది నిజంగానే పనిచేస్తుంది. చైనాలో 600 పల్లెల్లో దాదాపు 21 వేల మంది మీద చేసిన పరీక్షలో, ఈ ఉప్పు వాడినవాళ్ళకు పక్షవాతం 14 శాతం తక్కువగా వచ్చిందని 2021లో తేలింది. కానీ కిడ్నీ జబ్బు ఉన్నవాళ్ళకు ఇది ప్రమాదం. ఒంట్లో పొటాషియం పేరుకుపోయి గుండె లయ తప్పవచ్చు. టెల్మిసార్టాన్, రామిప్రిల్, స్పైరోనోలాక్టోన్ లాంటి బీపీ మాత్రలు వాడేవాళ్ళు కూడా డాక్టరును అడగకుండా ముట్టుకోకూడదు. మన ప్రాంతంలో ఈ మాట గట్టిగా చెప్పాలి. కనిగిరి వైపు ఫ్లోరైడ్ నీళ్ళ బాధ, కిడ్నీ రోగుల బాధ ఎవరికీ కొత్త కాదు. క్రియాటినిన్ (కిడ్నీల పనితీరు చెప్పే రక్త పరీక్ష), పొటాషియం పరీక్ష చేయించుకున్నాకే ఈ ఉప్పు సంగతి ఆలోచించండి. మా నాయన టెల్మిసార్టాన్ వాడతాడు కాబట్టి మేము దాని జోలికి పోలేదు.

"ఎండలో పనిచేసేవాళ్ళకు ఉప్పు కావాలి గదా?"

ఈ ప్రశ్న ప్రతి ఇంట్లోనూ వస్తుంది. మే నెలలో నాట్లకో, రొయ్యల చెరువు గట్ల మీదికో, రాళ్ళ క్వారీకో వెళ్ళి చొక్కా తడిసి ముద్దయ్యేవాళ్ళకు చెమటలో ఉప్పు పోతుంది, నిజమే. వాళ్ళకు నీళ్ళు బాగా కావాలి, ఎక్కువగా చెమట పట్టిన రోజు చిటికెడు ఉప్పేసిన మజ్జిగ తాగితే మంచిదే. నీరసం, కాళ్ళు పట్టేయడం ఉంటే ఓఆర్ఎస్. ఫ్యాన్ కింద కూర్చుని సీరియల్ చూసేవాళ్ళకు ఈ మినహాయింపు లేదు. మా నాయన రెండు ఎకరాలు కౌలుకిచ్చి నాలుగేళ్ళయింది, నోరు మాత్రం ఇంకా చేలోనే ఉంది.

మాత్ర సంగతి

ఉప్పు తగ్గించాం గదా అని మాత్ర మానకండి. అంకె మామూలుకు వచ్చిందంటే మాత్ర పనిచేస్తోందని అర్థం. ఉప్పు బాగా తగ్గాక ఒక్కోసారి డోసు తగ్గించాల్సి రావచ్చు, కానీ అది డాక్టరు చేతిలో పని. పీహెచ్‌సీలో బీపీ మాత్రలు ఉచితంగా ఇస్తారు. రోజూ అరగంట నడక, పొగాకు మానడం, మద్యం తగ్గించడం, నడుం కొలత తగ్గించుకోవడం కూడా బీపీ మీద పనిచేస్తాయి. వాటి గురించి అందరూ చెబుతూనే ఉంటారు, నేను ఇక్కడ సాగదీయను.

మూడు నెలల తర్వాత మా నాయనకు వారం సగటు 134/82 వచ్చింది. అది మాత్ర వల్ల ఎంత, ఉప్పు వల్ల ఎంత అన్నది నేను విడదీసి చెప్పలేను. మాత్ర వేసుకోని అమ్మకు 138/88 నుంచి 128/80కి దిగింది, ఆమె తిన్నదీ అదే వంట.

ఇప్పుడు నడుస్తున్న ప్యాకెట్ విప్పి ఈ రోజుకు 38 రోజులు. లోపల ఇంకా రెండు గుప్పిళ్ళు ఉంది. దాని మీద తారీఖు రాసింది నాయనే.