పిడుగుల కాలం: బండికీ ఇంటికీ జాగ్రత్తలు

ఏప్రిల్, మే సాయంత్రాల్లో ఎండ వెనకే ఈదురుగాలి, పిడుగులు. ముందే గుర్తుంచుకోండి:

– బైక్ మీద ఉండగా ఉరిమితే చెట్టు కింద ఆగొద్దు. చెట్టు మీద పడిన పిడుగు పక్కనున్న మనిషి మీదికీ దూకుతుంది. తడిస్తే తడిశారు, పక్కా భవనంలోకి వెళ్లండి.

– కారులో ఉంటే అద్దాలు మూసుకుని లోపలే కూర్చోండి. కాపాడేది ఇనుప బాడీ, టైర్లు కాదు. ఆటో, ట్రాక్టర్‌లకు ఆ రక్షణ లేదు.

– టీవీ, ఫ్రిజ్ ప్లగ్గులు ఉరుములు మొదలవక ముందే పీకేయండి. స్విచ్ ఆపితే చాలదు. డిష్ వైరు సంగతి చాలామంది మరిచిపోతారు, పిడుగు దాని గుండా కూడా వస్తుంది.

– ఎర్త్ గుంటలో నీళ్లు పోయండి. మట్టి ఎండిపోతే ఎర్తింగ్ సరిగా పనిచేయదు.

– ఫోన్‌లో పిడుగుల హెచ్చరికలిచ్చే దామిని యాప్ పెట్టుకోండి. చివరి ఉరుము తర్వాత 30 నిమిషాలు ఆగాకే బయటికి.