కుళాయి నీళ్ల కోసం కోర్టుకు వెళ్లాలంటే

ముందు నోటుపుస్తకం తీయండి. పదిహేను రోజులపాటు కుళాయి ఎన్నింటికి వచ్చింది, ఎంతసేపు వచ్చింది, ఎన్ని బిందెలు నిండాయి అన్నది రాయండి. బిందెకు ఎన్ని లీటర్లు పడతాయో కొలిచి పెట్టుకోండి. ఇంటింటికీ కుళాయి నీళ్లిచ్చే కేంద్ర పథకం జల్ జీవన్ మిషన్ లెక్కన పల్లెల్లో మనిషికి రోజుకు 55 లీటర్లు, అంటే ఐదుగురున్న ఇంటికి 275. పదిహేను లీటర్ల బిందెలు ఆరు నిండగానే కుళాయి ఆగిపోతే మీకు అందింది 90 లీటర్లే. కోర్టులో చూపడానికి ఈ లెక్క పనికొస్తుంది.

తర్వాత పంచాయతీకో మున్సిపాలిటీకో అర్జీ పెట్టి, రసీదు తీసుకోండి. రసీదు లేకుండా హైకోర్టుకు వెళ్తే, "ముందు అధికారులను అడిగారా?" అన్న ప్రశ్న దగ్గరే కేసు ఆగిపోవచ్చు.

అధికారులు పట్టించుకోకపోతే, నీళ్లు, కరెంటు లాంటి ప్రజా సేవల తగాదాలు తీర్చే శాశ్వత లోక్ అదాలత్‌ మేలు. అది ఎక్కడుందో జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో చెబుతారు. కోర్టు ఫీజు ఉండదు. రాజీ కుదరకపోయినా అది తీర్పు చెప్పగలదు. మామూలు లోక్ అదాలత్‌కు ఆ అధికారం లేదు. అయితే అదే వివాదం మీద అప్పటికే కోర్టుకెక్కి ఉంటే ఈ దారి మూసుకుపోతుంది.

ఊరంతటి సమస్యయితే రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ (అధికారులను ఆదేశించమని కోరే పిటిషన్) వేయండి. అందులో "నీళ్లిప్పించండి" అని మాత్రమే అడిగితే, "అర్జీని పరిశీలించండి" అన్న ఉత్తర్వుతో సరిపోవచ్చు. ఫలానా వార్డుకు, రోజుకు ఇన్ని లీటర్లు, ఫలానా తేదీలోగా, అప్పటిదాకా ట్యాంకర్లతో అని స్పష్టంగా రాయించండి.