చేపల తొట్టె వెనుక రంగు ఊడుతోందా? ఆ పెచ్చును తిప్పి చూడండి

తొట్టె వెనుక అద్దానికి బయటి వైపు వేసిన రంగు రెండు మూడు నెలలకే పై అంచు నుంచి పెచ్చులుగా లేస్తే చాలామంది ముందు రంగు డబ్బాను తిడతారు, తర్వాత ఇంకా ఖరీదైన డబ్బా కొంటారు. ఆ రెండూ నేనూ చేశాను. మూడోసారి కూడా ఊడినప్పుడు గానీ పెచ్చు లోపలి వైపు వేలితో రుద్ది చూడాలని తోచలేదు. వేలికి సున్నంలాంటి తెల్లటి పొడి అంటింది.

ఒంగోలులో మా ఇంటి బోరు నీరు బకెట్లకు తెల్లటి పొర కట్టించే రకం. నీరు మార్చేటప్పుడు వెనుక అద్దం మీదుగా జారిన చుక్కలు ఆరిపోయి, అదే పొరను అక్కడా మిగులుస్తాయి. తడిగుడ్డతో తుడిచినంతసేపు అది కనిపించదు కనుక అద్దం శుభ్రపడిందని భ్రమపడతాము. రంగు అద్దాన్ని కాక ఆ పొరను పట్టుకుంటుంది. తర్వాత కారిన నీరు అంచు నుంచి లోపలికి దిగగానే రెండూ కలిసి ఊడి వస్తాయి. సబ్బుకు ఈ పొర లొంగదు.

తొట్టెను ఖాళీ చేసి, మడతపెట్టిన దుప్పటి మీద ముందు అద్దం కిందికి వచ్చేలా పడుకోబెట్టండి. పాత రంగును బ్లేడుతో గీకండి, మూలల్లో అద్దాలను అతికించి ఉంచే సిలికాన్ జిగురు జోలికి మాత్రం పోకండి. వెనిగర్‌లో తడిపిన గుడ్డను అద్దంపై ఇరవై నిమిషాలు పరచి ఉంచితే సన్నని బుడగలు లేచి పొర కరుగుతుంది. మంచినీటితో కడిగి, రాత్రంతా ఆరనిచ్చి, ఫోను టార్చిని అద్దానికి పక్కగా, ఏటవాలుగా పట్టి చూడండి. ఎక్కడైనా తెల్లటి మసక కనిపిస్తే వెనిగర్ మళ్లీ పెట్టవలసిందే. అందరూ ఎగ్గొట్టేది ఈ పరీక్షనే. ఆ తర్వాత స్పిరిట్‌తో తుడిచి, స్పాంజి రోలరుతో పలుచగా మూడు పూతలు వేయండి. ఇకపై నీరు మార్చేటప్పుడు వెనుక అంచు మీద తువ్వాలు వేయడం మరవకండి.

లైటు వేసినప్పుడు సూది రంధ్రాలు మెరిస్తే మరొక పూత చాలు. రంగు పక్కకు అంటకుండా అంచుల్లో టేపు అంటించి ఉంటే, దాన్ని లాగినప్పుడు రంగు అంచు కూడా చిరిగితే, లాగేముందు బ్లేడుతో గీత గీయలేదన్న మాట. అక్టోబరు, నవంబరు వానల్లో నెల్లూరు, ఒంగోలు వైపు పూత ఆరడానికి రెట్టింపు సమయం పట్టినా ఆశ్చర్యపోనక్కరలేదు. కొత్త తొట్టెపై రంగు పరుచుకోకుండా చుక్కలుగా విడిపోతే, తయారీలో అంటిన సిలికాన్ మరక అయి ఉంటుంది. ఇది అరుదు, బ్లేడుతో గీకితే పోతుంది.