జాంగోనా, నెక్స్ట్‌క్లౌడా? ఎంపిక తప్పిందని ఎలా తెలుస్తుంది, ఎలా సరిచేయాలి

ఆఫీసులో అందరూ కలిసి వాడుకునే సైట్ కావాలంటే దారులు రెండు. జాంగో లాంటి ఫ్రేమ్‌వర్క్ (పైథాన్‌లో సైట్ కట్టడానికి పునాది కోడ్) తీసుకుని మనమే కట్టుకోవచ్చు. లేదంటే నెక్స్ట్‌క్లౌడ్ (ఫైళ్లు దాచి, పంచుకునేది), మీడియావికీ (వికీపీడియా నడిచే సాఫ్ట్‌వేర్) లాంటి రెడీమేడ్‌ది సర్వర్‌లో పెట్టుకోవచ్చు. తప్పు దారి పట్టామని మొదటి రోజే తెలియదు. కొన్నాళ్లకు ఇలా బయటపడుతుంది.

సమస్య 1: నెలలు గడుస్తున్నా సైట్ పూర్తి కావడం లేదు

ఒక చిన్న సంస్థకు మేం జాంగోలో డాక్యుమెంట్ల సైట్ కట్టాం. లాగిన్, అడ్మిన్ పేజీలు జాంగోతోనే వస్తాయి కాబట్టి మొదటి వారం హాయిగా గడిచింది. తర్వాత ఫైల్ పాత వెర్షన్ కావాలన్నారు. కామెంట్లు కావాలన్నారు. ఎవరు ఏం మార్చినా మెయిల్ రావాలన్నారు. ఒక్కొక్కటీ కూర్చుని రాయాల్సి వచ్చింది.

ఈలోగా ఒక రోజు ఇద్దరు ఒకే రికార్డు తెరిచారు. ఒకరు ఫోన్ నంబర్ మార్చి సేవ్ చేశారు. రెండో ఆవిడ అంతకుముందే తెరిచి ఉంచిన పేజీలో స్టేటస్ మాత్రమే మార్చి సేవ్ నొక్కారు. ఫోన్ నంబర్ మళ్లీ పాతదైపోయింది. ఎర్రర్ ఏమీ రాలేదు. అందుకే ఎవరికీ తెలియలేదు కూడా.

కారణం: ఆవిడ ఫారంలో పాత నంబర్ అలాగే ఉంది. సేవ్ నొక్కగానే ఫారంలోని అన్ని గడులూ డేటాబేస్‌లోకి వెళ్లాయి. జాంగో తప్పేమీ లేదు, ఆ కాపలా మనం పెట్టుకోవాలి.

పరిష్కారం: రికార్డుకు ఒక వెర్షన్ నంబర్ పెట్టి, ఫారంతోపాటు పంపండి. ఆ నంబర్ సరిపోలితేనే అప్‌డేట్ జరిగేలా, జరిగినప్పుడు నంబర్ ఒకటి పెరిగేలా రాయండి. డేటాబేస్‌లో ఒక్క వరుస కూడా మారలేదంటే మధ్యలో ఇంకెవరో మార్చేశారని అర్థం. ఆ మాట వాడేవారికి చూపించండి. అయితే మీ పని మొత్తం పేజీలు, ఫైళ్లే అయితే ఇవన్నీ రాస్తూ కూర్చోవద్దు. ఇద్దరి మార్పులు ఢీకొంటే మీడియావికీ దానంతట అదే ఆపి చూపిస్తుంది, పాత వెర్షన్లన్నీ దాచిపెడుతుంది. ఎంత రాసినా సరే, ఆపి అటు మారిపోవడమే మంచిది. మేం ఆ నిర్ణయం ఆలస్యంగా తీసుకున్నాం.

సమస్య 2: అప్‌డేట్ అంటేనే టెన్షన్

నెక్స్ట్‌క్లౌడ్ పెట్టారు, అప్‌డేట్ చేయగానే మీరు చేర్చుకున్న మార్పులు పోయాయి. లేదా నెక్స్ట్‌క్లౌడ్ కోడ్ ఫైళ్లు సరిగ్గా లేవని అడ్మిన్ పేజీలో హెచ్చరిక వస్తోంది.

కారణం: ఎవరో నెక్స్ట్‌క్లౌడ్ అసలు కోడ్ ఫైళ్లలోనే మార్పులు చేశారు.

పరిష్కారం: ముందు డేటాబేస్, డేటా ఫోల్డర్, కాన్ఫిగ్ (సెట్టింగుల ఫోల్డర్) మూడూ బ్యాకప్ తీయండి. అదే వెర్షన్ అసలు ఫైళ్లు తిరిగి పెట్టి, మీ మార్పును విడి యాప్‌గా రాయండి. పెద్ద వెర్షన్లు దాటవేయకండి: 27 నుంచి 28కి, అక్కడి నుంచి 29కి.

సమస్య 3: కొన్ని పేజీలు కొందరికే కనిపించాలి, మీడియావికీలో కుదరడం లేదు

అది అందరూ చదవడానికి కట్టింది. పేజీకో తాళం వేయడానికి ఎక్స్‌టెన్షన్లు (అదనంగా తగిలించే భాగాలు) వెతకొద్దు, వాటిని నమ్మలేం. రహస్య కాగితాలు నెక్స్ట్‌క్లౌడ్ ఫోల్డర్‌లో గ్రూపులవారీగా పెట్టండి.

సమస్య 4: సైట్ ఉంది, లెక్కలు మాత్రం ఎక్సెల్‌లోనే

కారణం: ఎవరు ఆమోదిస్తే బిల్లు ముందుకు వెళ్లాలి, బకాయి ఎలా లెక్కకట్టాలి అనేవి మీ ఆఫీసు సొంత నియమాలు. రెడీమేడ్ వాటికి అవి తెలియవు.

పరిష్కారం: ఇక్కడ జాంగో కావాలి. ఆ నియమాల వరకే చిన్న యాప్ కట్టి, ఫైళ్లను నెక్స్ట్‌క్లౌడ్‌లోనే ఉంచండి. వెబ్‌డావ్ (వెబ్ ద్వారా ఫైళ్లు తీసి, పెట్టే పద్ధతి) ద్వారా యాప్ నుంచే వాటిని తీసుకోవచ్చు. లాగిన్ మాత్రం రెండింటికీ ఒకే ఎల్‌డాప్ సర్వర్ (అందరి ఖాతాలూ ఒకేచోట ఉంచేది) నుంచి ఇవ్వండి. ఎవరైనా ఉద్యోగం మానేసినప్పుడు ఒక్కచోట ఖాతా ఆపితే, రెండు చోట్లా లాగిన్ ఆగిపోతుంది.