పోలీసులు కేసు కట్టనంటే కోర్టుకు ఇలా వెళ్లాలి

స్టేషన్‌కు వెళ్తే "ఇది సివిల్ మేటర్, మీలో మీరు తేల్చుకోండి" అంటారు, లేదంటే "సార్ బందోబస్తుకెళ్లారు, రేపు రండి" అంటారు, ఆ రేపు నెలైనా రాదు. విసిగిపోయి చాలామంది నేరుగా హైకోర్టులో రిట్ వేద్దామనుకుంటారు గానీ, ముందు వెళ్లాల్సింది మీ స్టేషన్ పరిధిలోని మేజిస్ట్రేట్ కోర్టుకే. సాకిరి వాసు కేసులో 2007లోనే సుప్రీంకోర్టు ఈ మాట చెప్పింది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ)లో దీన్ని 156(3) పిటిషన్ అనేవాళ్లు, 2024 జూలై 1 నుంచి దాని బదులు వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత, అంటే బీఎన్‌ఎస్‌ఎస్ 175(3).

ముందు మీది పోలీసులు వాళ్లంతట వాళ్లే కేసు కట్టాల్సిన నేరమా, కాదా చూసుకోండి. దోపిడీ, మోసం చేసి ఆస్తి కాజేయడం లాంటివైతే ఎఫ్‌ఐఆర్ తప్పనిసరి అని 2013లో సుప్రీంకోర్టు లలితా కుమారి తీర్పు వచ్చింది. అప్పిచ్చిన డబ్బు తిరిగి ఇవ్వలేదంటే మాత్రం అది మామూలుగా సివిల్ తగాదానే, మొదటి నుంచీ ఎగ్గొట్టే ఉద్దేశంతోనే తీసుకున్నాడని చూపించగలిగితే తప్ప.

అసలు పిటిషన్ నిలబడేదీ పడిపోయేదీ కోర్టుకు వెళ్లకముందు మీరు దాచుకున్న కాగితాల మీదే. ఫిర్యాదు రెండు కాపీలు తీసుకెళ్లండి, రెండోదాని మీద ముద్ర, తేదీ వేయించుకోండి. వేయనంటే గొడవపడకుండా అదే ఫిర్యాదును స్టేషన్ ఇన్‌స్పెక్టర్‌కు పోస్టులో పంపి, రసీదు, డెలివరీ రుజువు దాచిపెట్టండి. తర్వాత ఎస్పీకి, సిటీలో అయితే కమిషనర్‌కు, మళ్లీ పోస్టులోనే. ఇది మర్యాద కోసం కాదు, బీఎన్‌ఎస్‌ఎస్ 173(4) ప్రకారం ఈ మెట్టు ఎక్కకుండా కోర్టుకు పోతే పిటిషన్ అక్కడే ఆగిపోతుంది. ఇంకో మాట, మూడేళ్ల నుంచి ఏడేళ్లలోపు శిక్ష పడే నేరాల్లో డీఎస్పీ అనుమతితో 14 రోజుల ప్రాథమిక విచారణ చేసుకునే వీలు పోలీసులకు ఇప్పుడుంది, కాబట్టి మూడో రోజే కోర్టుకు పరిగెత్తకండి.

పిటిషన్‌లో ఏడుపు తగ్గించి తేదీలు పెంచండి. "నా ప్లాటు కాజేశాడు, న్యాయం చేయండి" అంటే జడ్జిగారికి ఏమీ తెలియదు. "ఫలానా తేదీన ఫలానా సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో నా పేరుతో ఇంకొకరిని నిలబెట్టి ప్లాటు అమ్మేశారు, ఆ రోజు నేను ఆస్పత్రిలో ఉన్నాను, డిశ్చార్జ్ సమ్మరీ జత చేశాను, స్టేషన్‌లో ఫలానా రోజు ఇచ్చాను, ఎస్పీకి ఫలానా రోజు పంపాను" అని రాస్తే నేరమేంటో, పోలీసులు ఏం చేయలేదో రెండూ కనిపిస్తాయి. దీనికి అఫిడవిట్ తప్పనిసరి. 2015లో ప్రియాంక శ్రీవాస్తవ కేసులో సుప్రీంకోర్టు పెట్టిన షరతు ఇది, ఇప్పుడు చట్టంలోనే ఉంది. అందులో అబద్ధం రాస్తే తిరిగి మీ మీదే కేసు పడొచ్చు, అందుకే లాయర్ టైప్ చేయించింది ప్రతి లైనూ చదివాకే సంతకం పెట్టండి.

మేజిస్ట్రేట్ వెంటనే ఆర్డర్ ఇస్తారనుకోవద్దు. కేసు ఎందుకు కట్టలేదో పోలీసుల మాట కూడా వింటారు, అవసరమైతే విచారిస్తారు. దర్యాప్తుకు ఆదేశించకుండా దాన్నే ప్రైవేట్ కంప్లైంట్‌గా తీసుకుంటే మీ వాంగ్మూలం, సాక్షుల వాంగ్మూలం కోర్టులోనే నమోదు చేస్తారు. అప్పుడు సాక్ష్యం తెచ్చే బరువు చాలావరకు మీదే. సాక్ష్యం మీ చేతిలోనే ఉంటే ఈ దారీ చెడ్డదేం కాదు, కానీ కాల్ డేటా, బ్యాంకు ఖాతాల వివరాలు లాగాల్సిన కేసైతే అవి పోలీసులే తీయగలరని, అందుకే దర్యాప్తు కావాలని పిటిషన్‌లో విడిగా ఒక పేరా రాయించండి.

ఆర్డర్ వచ్చాక సర్టిఫైడ్ కాపీ తీసుకుని స్టేషన్‌లో ఇచ్చి, ఎఫ్‌ఐఆర్ కాపీ అడగండి. అది ఉచితం. దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో 90 రోజుల్లోగా మీకు చెప్పాల్సిన బాధ్యతా వాళ్లదే, చెప్పకపోతే బీఎన్‌ఎస్‌ఎస్ సెక్షన్ 193 పేరెత్తి రాతపూర్వకంగానే అడగండి, మళ్లీ రెండు కాపీలతో.