పైదవడ విరిగిన చార్ట్ వస్తే కోడ్ ఎలా వేయాలి

హైదరాబాద్‌లో కూర్చుని అమెరికా ఆసుపత్రుల ఎమర్జెన్సీ చార్ట్‌లు కోడ్ చేయడం నా పని. అంటే రోగి రికార్డు చదివి, గాయానికి ఐసీడీ-10-సీఎం అనే జాబితాలోని కోడ్ వేయడం. కొత్తగా టీమ్‌లోకి వచ్చినవాళ్లు అందరికంటే ఎక్కువ తడబడేది ముఖం ఎముకల దగ్గరే. మాగ్జిలా, అంటే పైదవడ ఎముక, అన్న మాట కనబడగానే సాఫ్ట్‌వేర్‌లో కొట్టి, ముందు వచ్చిన కోడ్ వేసేస్తారు. నేనూ అలాగే వేసి ఆడిట్‌లో దొరికిపోయాను. ఆ చార్ట్‌తోనే మొదలుపెడతాను.

ఒక కుర్రాడు సాఫ్ట్‌బాల్ ఆడుతుంటే బంతి చెంపకు తగిలింది. సీటీ రిపోర్టు చివర ఇంప్రెషన్‌లో, అంటే సారాంశంలో, 'మాగ్జిలరీ సైనస్ (పైదవడ ఎముకలోని గాలి గది) ఫ్రాక్చర్' అని ఒక్క ముక్క ఉంది. ఏ వైపో అక్కడ లేదు. నేను ఎస్02.401ఏ వేశాను, అంటే పైదవడ విరిగింది, ఏ వైపో తెలియదు అని. పైన ఫైండింగ్స్‌లో, అంటే వివరాల భాగంలో, నాలుగో వాక్యంలో 'ఎడమ మాగ్జిలరీ సైనస్ ముందు గోడ' అని స్పష్టంగా ఉంది. నేను అంతదాకా చదవలేదు. అవుట్‌పేషెంట్ చార్ట్‌లో రేడియాలజిస్టు తుది రిపోర్టులో నిర్ధారించిన విషయాన్ని మనం కోడ్ చేయవచ్చు. కాబట్టి రిపోర్టును మొదటి లైను నుంచి చదవండి.

ఇప్పుడు చూపుడువేలు ముక్కు పక్కన పెట్టండి. అక్కడి నుంచి కిందికి పై పళ్ల దాకా, పైకి కంటి కింది అంచు దాకా ఉన్నది మాగ్జిలా. వేలిని చెవి వైపు జరిపితే గట్టిగా తగిలే బుడిపె చెంప ఎముక, జైగోమా. దీనికి వేరే కోడ్. సైనస్ అన్న మాట చూసి ఎస్02.19కి పోకండి, అది ఎత్మాయిడ్ (కళ్ల మధ్య), ఫ్రాంటల్ (నుదుటి) సైనస్‌లకు. మాగ్జిలరీ సైనస్ గోడ అంటే పైదవడ ఎముకే.

కుడి పైదవడకు ఎస్02.40సీ, ఎడమకు ఎస్02.40డీ. కుడి జైగోమాకు 40ఈ, ఎడమకు 40ఎఫ్. ఇలా వైపులు విడిపోయింది 2016 అక్టోబర్ 1 నుంచి. అంతకుముందు ఒక్కో ఎముకకు రెండు వైపులకూ కలిపి ఒకటే కోడ్ కాబట్టి పాత నోట్స్ పట్టుకుని చదివేవాళ్లు జాగ్రత్త. పళ్లు పట్టి ఉండే అంచు మాత్రమే విరిగితే ఎస్02.42. ఇది ఐదు అక్షరాలే కాబట్టి ఆరో స్థానంలో ఎక్స్ పెట్టి ఎస్02.42ఎక్స్‌ఏ అని రాయాలి. ఎక్స్ మర్చిపోతే క్లెయిమ్, అంటే బీమాకు పంపిన బిల్లు, తిరిగి వస్తుంది.

లఫోర్ట్ అని డాక్టరు రాస్తే దారి వేరు. 1901లో రెనే లఫోర్ట్ అనే ఫ్రెంచి సర్జన్ శవాల పుర్రెల మీద పరీక్షలు చేసి, ముఖం ఏ గీతల వెంట విడిపోతుందో చెప్పాడు. ఒకటో రకంలో గీత పై పళ్ల వేళ్లకు పైగా అడ్డంగా వెళ్తుంది, అంగిలి మొత్తం కదులుతుంది: ఎస్02.411. రెండోది ముక్కు దూలం నుంచి రెండు వైపులా పిరమిడ్‌లా దిగుతుంది: 412. మూడోదానిలో ముఖమంతా కపాలం నుంచి విడిపోతుంది: 413. వీటికి కుడి ఎడమలు లేవు. ఒక వైపు రెండో రకం, ఇంకో వైపు మూడో రకం అని రాస్తే రెండు కోడ్‌లూ వేయాలి. గీతలు చదివి ఇది లఫోర్టే అని మీరు తేల్చకండి. ఆ మాట డాక్టరే రాయాలి, లేకపోతే ఆయనకు క్వెరీ, అంటే వివరణ అడుగుతూ ప్రశ్న, పంపండి.

చికిత్స ఏ దశలో ఉందో చెప్పే కోడ్ చివరి అక్షరం దగ్గరే నాకు ఎక్కువ బాధ కలుగుతుంది. ఏ అంటే మొదటి విజిట్ అని చాలామంది బట్టీ పట్టి వస్తారు. కాదు. చికిత్స ఇంకా నడుస్తున్నంతకాలం ఏ. వాపు తగ్గేదాకా వారం ఆగి ప్లేట్లు వేసినా ఆ ఆపరేషన్‌కు ఏనే. చికిత్స అయిపోయి, మామూలుగా మానుతున్న ఎముకను చూడటానికి వస్తే డీ. అప్పుడు ఎడమ పైదవడ కోడ్ ఎస్02.40డీడీ అవుతుంది. రెండు డీలు చూసి టైపింగ్ తప్పనుకుని ఒకటి కొట్టేసినవాళ్లను చూశాను. రెండూ ఉండాలి. మానడం ఆలస్యమైతే జీ, అతుక్కోకపోతే కే.

బయటికి తెరుచుకున్న విరుపుకు మొదట్లో బీ. డాక్టరు ఏమీ చెప్పకపోతే మూసుకున్నదిగానే తీసుకోవాలి. చెంప మీద గాయం ఉంది కదా అని బీ వేయకూడదు.

'ఫ్రాక్చర్ కావచ్చు', 'అనుమానం' అన్న మాటలుంటే అవుట్‌పేషెంట్‌లో ఫ్రాక్చర్ కోడ్ వద్దు. నొప్పి, వాపు ఏముంటే అవే వేయండి. తలకు దెబ్బ తగిలి మెదడులో గాయం ఉన్నట్టు రాస్తే ఎస్06 కోడ్ కూడా చేర్చాలి.

ఆ కుర్రాడి చార్ట్ సరిచేశాక ఇలా తేలింది: ఎస్02.40డీఏ, బంతి తగిలినందుకు డబ్ల్యూ21.07ఎక్స్‌ఏ, మైదానానికి వై92.320, ఆటకు వై93.64. ఈ చివరి రెండూ మొదటిసారి వచ్చినప్పుడే. ఫాలోఅప్‌కు వస్తే మళ్లీ వేయకండి.