వైర్‌లెస్ మౌస్ సతాయిస్తోందా? కొత్తది కొనే ముందు ఇవి చూడండి

ఇంటి నుంచి పని చేసేవాళ్లకి మౌస్ మొరాయించడం మొదలుపెట్టగానే తట్టే మొదటి ఆలోచన కొత్తది కొనేద్దామని. తీరా కొన్నాక అదీ అలాగే తడబడుతుంది. చాలాసార్లు తప్పు మౌస్‌ది కాదు, డాంగిల్ (మౌస్ సిగ్నల్ అందుకోవడానికి యూఎస్‌బీ పోర్టులో గుచ్చే చిన్న ముక్క) పెట్టిన చోటుదో, కింద ఉన్న టేబుల్‌దో, కంప్యూటర్ సెట్టింగ్‌దో అయి ఉంటుంది. అసలు లోపం ఎక్కడుందో తేలితే ఉన్నదే బాగుపడొచ్చు. బాగుపడకపోయినా, కొనబోయేదాంట్లో ఏం చూసుకోవాలో తెలుస్తుంది.

ముందుగా ఒక చిన్న పరీక్ష. అదే మౌస్‌ని ఇంకో కంప్యూటర్‌కి తగిలించి కాసేపు వాడండి. అక్కడా అదే తంతు అయితే లోపం మౌస్‌లోనే ఉంది. అక్కడ బుద్ధిగా పని చేస్తే మీ కంప్యూటర్‌లోనో, దాని చుట్టుపక్కలో వెతకాలి.

కర్సర్ ఆగి ఆగి కదులుతోంది, ఉన్నట్టుండి గెంతుతోంది

అన్నిటికంటే ఎక్కువగా వినిపించే ఫిర్యాదు ఇదే, అన్నిటికంటే తేలిగ్గా పోయేదీ ఇదే. డాంగిల్‌తో వచ్చే మౌస్‌లు దాదాపు అన్నీ 2.4 గిగాహెర్ట్జ్ రేడియో మీద నడుస్తాయి. యూఎస్‌బీ 3.0 పోర్టులు, వాటికి తగిలించిన హార్డ్‌డిస్కులు, డాకులు (ల్యాప్‌టాప్‌కి అదనపు పోర్టులిచ్చే పెట్టెలు), కేబుళ్లు పని చేసేటప్పుడు సరిగ్గా ఆ పరిధిలోనే రేడియో రొద పుట్టిస్తాయి. ఇంటెల్ 2012లోనే దీని మీద ఒక సాంకేతిక పత్రం విడుదల చేసింది. అంటే డాంగిల్‌ని తీసుకెళ్లి ఎక్స్‌టర్నల్ హార్డ్‌డిస్క్ పక్క పోర్టులో గుచ్చితే మౌస్ సిగ్నల్ ఆ రొదలో కొట్టుకుపోతుంది. ఫైళ్లు కాపీ అవుతున్నప్పుడే కర్సర్ తడబడుతోందంటే ఇక అనుమానం అక్కర్లేదు.

పరిష్కారం: డాంగిల్‌ని ల్యాప్‌టాప్ రెండో వైపు పోర్టుకి మార్చండి. యూఎస్‌బీ 2.0 పోర్టు ఉంటే మరీ మంచిది. లోపల నీలం రంగు నాలుక ఉన్న పోర్టులు సాధారణంగా 3.0వి, నల్లగా ఉన్నవి చాలావరకు 2.0వి. అలాంటిది లేకపోతే ఒక యూఎస్‌బీ 2.0 ఎక్స్‌టెన్షన్ కేబుల్ తీసుకుని డాంగిల్‌ని మౌస్‌కి జానెడు దూరంలోకి తెచ్చిపెట్టండి. డెస్క్‌టాప్ వాడేవాళ్లయితే డాంగిల్ సీపీయూ వెనకాల ఉందేమో చూడండి. ఆ ఇనప డబ్బా మొత్తం మీ చేతికీ డాంగిల్‌కీ మధ్య గోడలా నిలబడుతుంది. ముందువైపు పోర్టుకి మారిస్తే చాలు.

బ్లూటూత్ మౌస్ అయితే కథ కొంచెం వేరు. అదీ 2.4 గిగాహెర్ట్జే, కానీ ఇక్కడ పోటీ ల్యాప్‌టాప్ లోపలే జరుగుతుంది. చాలా ల్యాప్‌టాప్‌లలో వైఫై, బ్లూటూత్ ఒకే చిప్పు మీద, ఒకే యాంటెనాలు పంచుకుంటూ పని చేస్తాయి. వైఫై 2.4 బ్యాండ్‌లో ఉండి, వీడియో మీటింగ్ నడుస్తూ, చెవిలో బ్లూటూత్ హెడ్‌సెట్ కూడా ఉంటే మౌస్ వంతు వచ్చేసరికి ఆలస్యమవుతుంది. మీటింగ్‌లోనే మౌస్ మొండికేయడానికి కారణం ఇదే కావచ్చు. వైఫైని 5 గిగాహెర్ట్జ్ బ్యాండ్‌కి మార్చండి, లేదా నెట్‌ని కేబుల్ ద్వారా తీసుకోండి.

ఎలాగూ కొనాల్సి వస్తే డాంగిల్, బ్లూటూత్ రెండూ ఉన్నది తీసుకోండి. ఒకటి మొరాయిస్తే రెండోదానికి మారొచ్చు. రెండిట్లో ఒకటే అంటే నా ఓటు డాంగిల్‌కి.

కాసేపు వదిలేసి వస్తే మౌస్ నిద్ర లేవడం లేదు

బ్యాటరీ ఆదా కోసం మౌస్ నిద్రపోతుంది, అది మామూలే. కొన్ని కదిపితే లేస్తాయి, కొన్ని క్లిక్ చేస్తేగానీ లేవవు. క్లిక్ చేసినా లేవకపోతే నిద్రపోయింది కంప్యూటర్ పోర్టు కావచ్చు. విండోస్‌లో డివైస్ మేనేజర్ తెరిచి, యూఎస్‌బీ రూట్ హబ్ ప్రాపర్టీస్‌లో పవర్ మేనేజ్‌మెంట్ ట్యాబ్‌కి వెళ్లి, కరెంటు ఆదా కోసం ఈ పరికరాన్ని ఆపేయవచ్చు అన్న చోట టిక్ తీసేయండి. బ్లూటూత్ మౌస్ అయితే బ్లూటూత్ అడాప్టర్‌కి ఇదే పని చేయాలి. ల్యాప్‌టాప్ బ్యాటరీ కాస్త త్వరగా అయిపోతుంది, అంతే.

ఒకసారి నొక్కితే రెండుసార్లు పడుతోంది

ఫైల్ మీద ఒక్క క్లిక్ ఇస్తే తెరుచుకోవడం, పట్టుకుని లాగుతుంటే మధ్యలో జారిపోవడం. ఇది నిజంగా మౌస్ జబ్బే. బటన్ కింద ఉండే మైక్రోస్విచ్‌లో పల్చటి లోహపు రేకు ఉంటుంది. వాడగా వాడగా దాని బిగువు తగ్గుతుంది, అది తాకే చోట అరుగుదల వస్తుంది. అప్పుడు ఒక్క నొక్కుకే రేకు రెండుసార్లు తాకుతుంది. బ్యాటరీ మార్చినా, డ్రైవర్ మళ్లీ వేసినా ఇది పోదు.

వారంటీ ఉంటే వెంటనే వాడుకోండి. లేకపోతే కొన్నాళ్లు నెట్టుకురావడానికి ఒక ఉపాయం: సెట్టింగ్స్‌లో ప్రధాన బటన్‌ని కుడివైపుకి మార్చేయండి. కుడి స్విచ్ ఎప్పుడూ తక్కువే అరుగుతుంది. మొదట్లో చికాకేస్తుంది గానీ పని ఆగదు. సోల్డరింగ్ వచ్చినవాళ్లు స్విచ్ ఒక్కటే కొని మార్చుకోవచ్చు.

కొత్తది కొనేటప్పుడు పెట్టె మీద రాసే కోటి క్లిక్కులు, రెండు కోట్ల క్లిక్కులు అన్న అంకెల్ని పెద్దగా పట్టించుకోకండి, అవి యంత్రంతో నొక్కించి చూసిన లెక్కలు. దానికన్నా వారంటీ ఎన్నేళ్లో చూడటం మేలు. ఆప్టికల్ స్విచ్‌లున్న మౌస్‌లలో నొక్కును కాంతి పసిగడుతుంది కాబట్టి లోహం అరిగి వచ్చే ఈ బాధ ఉండదు.

కర్సర్ వణుకుతోంది, లేదా ఒక వైపుకే పాకుతోంది

మౌస్‌ని తిప్పి సెన్సర్ రంధ్రంలోకి చూడండి. ఒక్క వెంట్రుక చాలు ఈ గొడవంతటికీ. ఊది, పొడి దూది పుల్లతో తుడవండి.

శుభ్రంగానే ఉంటే టేబుల్‌ని అనుమానించాలి. సెన్సర్ సెకనుకి వేల ఫొటోలు తీసి, ఒకదానితో ఒకటి పోల్చుకుని ఎటు కదిలిందో లెక్కేస్తుంది. గాజు మీదా, అద్దంలా మెరిసే సన్‌మైకా మీదా పోల్చుకోవడానికి గుర్తులేవీ దొరకవు. కింద ఒక తెల్లకాగితం పెట్టి చూడండి. వణుకు ఆగిపోతే మీకు కావలసింది మౌస్ కాదు, మౌస్‌ప్యాడ్. గాజు టేబుల్ మీదే, ప్యాడ్ లేకుండానే పని చేయాలంటే దానికి తగిన సెన్సర్ ఉన్నది వెతుక్కోవాలి. లాజిటెక్ డార్క్‌ఫీల్డ్ సెన్సర్ కనీసం 4 మిల్లీమీటర్ల మందమున్న గాజు మీద పని చేస్తుంది.

స్క్రోల్ చేస్తే పేజీ కిందికెళ్తూ పైకి గెంతుతోంది

చక్రం ఎటు, ఎంత తిరిగిందో కొలిచే ఎన్‌కోడర్ దాని పక్కనే ఉంటుంది, అందులో దుమ్ము చేరి ఉంటుంది. మౌస్ ఆపేసి చక్రం పక్క సందులోంచి గట్టిగా గాలి కొట్టి, చక్రాన్ని రెండు వైపులా వేగంగా తిప్పండి. కొన్నాళ్లు బాగుంటుంది, మళ్లీ వస్తుంది.

బ్యాటరీ నిలవడం లేదు

మామూలు ఆల్కలైన్ సెల్ 1.5 వోల్టులిస్తే, రీఛార్జబుల్ నికెల్ సెల్ 1.2 వోల్టులే ఇస్తుంది. దాంతో నిండా ఛార్జ్ చేసి వేసినా బ్యాటరీ సగమే ఉన్నట్టు చూపించే మౌస్‌లున్నాయి. ఆ అంకెను నమ్మి సెల్ మార్చకండి, మౌస్ ఆగేదాకా వాడండి.

సెల్లు పెట్టే అర తెరిస్తే స్ప్రింగుల మీద తెల్లటి పొడి కనిపించిందా? ఆల్కలైన్ సెల్ కారింది. చేతికి అంటకుండా సెల్ తీసేసి, దూది పుల్లని వెనిగర్‌లో కొద్దిగా తడిపి తుడిచి, పూర్తిగా ఆరాక కొత్త సెల్ వేయండి.

లోపలే బ్యాటరీ ఉండే మౌసా, సెల్ వేసుకునేదా అంటే ఇంటి పనికి సెల్ వేసుకునేదే నయం. మీటింగ్ మధ్యలో ఆగిపోతే అర నిమిషంలో మార్చేయొచ్చు. లోపలి బ్యాటరీ ఉన్నదే కావాలంటే ఛార్జింగ్ పోర్టు ముందువైపు ఉండాలి, కేబుల్ తగిలించి కూడా వాడుకోవచ్చు. ఆపిల్ మ్యాజిక్ మౌస్‌కి ఆ పోర్టు అడుగున ఉంటుంది. ఛార్జ్ అవుతున్నంతసేపు మౌస్ వెల్లకిలా పడుకోవాల్సిందే.

సాయంత్రానికి మణికట్టు లాగుతోంది

మౌస్ పాడవలేదు, మీ చేతికి సరిపడలేదు. ల్యాప్‌టాప్ సంచిలో ఇమిడేలా చేసిన పల్చటి చిన్న మౌస్‌లు రోజంతా పట్టుకోవడానికి కావు. అరచేయి దాని మీద వాలాలి, వేళ్లు ముడుచుకోకూడదు. కర్సర్‌ని తెర ఈ చివర నుంచి ఆ చివరకి తీసుకెళ్లడానికి చేయి రెండు మూడుసార్లు ఎత్తి పెట్టాల్సి వస్తుంటే డీపీఐ (చేయి కొంచెం కదిపితే కర్సర్ ఎంత దూరం వెళ్లాలో చెప్పే అంకె) పెంచండి. ఒక తెరకి 1000 దగ్గర మొదలుపెట్టి, రెండు తెరలుంటే 1600 వరకూ వెళ్లి చూడండి. అప్పటికీ తగ్గకపోతే చేయి షేక్‌హ్యాండ్ ఇచ్చేటట్టు నిలబడే వర్టికల్ మౌస్ ప్రయత్నించవచ్చు. అలవాటు పడేదాకా గురి తప్పుతుంది, కంగారు పడకండి. ఎడమచేతి వాటం వాళ్లు మాత్రం ముందే చూసుకోవాలి, వర్టికల్ వాటిలో చాలావరకు కుడిచేతికే చేస్తారు. వేళ్లు తిమ్మిరెక్కుతుంటే మౌస్‌ల సంగతి పక్కన పెట్టి డాక్టర్‌ని కలవండి.

ఆఫీసు ల్యాప్‌టాప్ మౌస్‌ని ఒప్పుకోవడం లేదు

కంపెనీ ఐటీ వాళ్లు బ్లూటూత్‌నో, తెలియని యూఎస్‌బీ పరికరాలనో ఆపేసి ఉండొచ్చు. ఇక్కడ మీరు చేయగలిగింది వాళ్లని అడగడమే. వాళ్ల జాగ్రత్తలో అర్థముంది. 2016లో మౌస్‌జాక్ పేరుతో బయటపడిన లోపం ద్వారా కొన్ని కంపెనీల డాంగిళ్లకు దూరం నుంచే దొంగ కీస్ట్రోకులు (కీబోర్డు మీద ఎవరో టైప్ చేసినట్టు నటించే సిగ్నళ్లు) పంపవచ్చని తేలింది. పాత డాంగిల్ వాడుతుంటే దాని ఫర్మ్‌వేర్ (డాంగిల్ లోపలే ఉండే సాఫ్ట్‌వేర్) అప్‌డేట్ ఉందేమో చూడండి. ఆఫీసు ల్యాప్‌టాప్‌లో సాఫ్ట్‌వేర్ వేయనివ్వకపోతే, సెట్టింగ్స్‌ని తనలోనే దాచుకునే మౌస్ తీసుకుని సొంత కంప్యూటర్‌లో ఒకసారి సరిచేసుకోండి.

డాంగిల్ పోతే ఏమవుతుందో కూడా కొనే ముందే తెలుసుకోండి. చవక మౌస్‌లలో చాలావాటికి వేరే డాంగిల్ జత కాదు. ఒకే కంపెనీవైనా అన్నీ కలవవు: లాజిటెక్‌లో 2009 నాటి యూనిఫైయింగ్ డాంగిల్‌తో, 2021లో వచ్చిన బోల్ట్ అనే వేరే రకం డాంగిల్‌కి చేసిన మౌస్‌లు పని చేయవు. కొనేటప్పుడు మౌస్‌ని ఒకసారి తిప్పి, డాంగిల్ దాచుకునే అర ఉందో లేదో చూడండి.